గిజిగాళ్లు, తీతువులు, మా చిన్నత్తయ్య పెళ్లి

ఆషాఢం రాగానే మా ఊళ్లో కొత్త పెళ్లికూతుళ్లందరూ పుట్టిళ్లకు చేరుకునేవారు. సరిగ్గా ఆ నెలలోనే కాలవగట్టు మీది తాడిచెట్లకు గిజిగాళ్లు వచ్చేవి. మనుషులు కొత్త దంపతులను విడదీసి ఉంచే రోజుల్లో పిట్టలు జత కోసం తొందరపడేవి. అప్పటి కృష్ణా జిల్లాలో, కైకలూరుకు దగ్గరగా, కొల్లేటి గాలి తగిలే పల్లె మాది. 1980ల మొదటి సంవత్సరాల మాట ఇది. అప్పటికి చేలన్నీ చేపల చెరువులు కాలేదు. ఏ గట్టు చూసినా తాడిచెట్లు బారులు తీరి ఉండేవి.

ఆషాఢపు ఎడబాటుకు నాయనమ్మ సూటిగా కారణం చెప్పేది. ఈ నెలలో కడుపు పండితే కాన్పు చైత్ర వైశాఖాల ఎండల్లో వస్తుంది, బాలింతా పసిబిడ్డా తట్టుకోలేరు. పైగా ఊడ్పుల వేళ అల్లుడు అత్తవారింట్లో కూర్చుంటే చేను ఏం కావాలి? తరువాత నేను జంతుశాస్త్రం చదువుకున్నప్పుడు పిట్టలదీ ఇదే లెక్క అని తెలిసింది. గుడ్లు పగిలి పిల్లలు బయటికి వచ్చే నాటికి పురుగూ గింజా సమృద్ధిగా ఉండాలి. అందుకే గిజిగాడు వానలతోపాటు గూడు మొదలుపెడుతుంది. పుట్టబోయే బిడ్డ ఏ ఋతువులో కళ్లు తెరుస్తుందో ముందే చూసుకోవడం వాటికీ మనకూ ఉంది. బడి ముఖం చూడని నాయనమ్మ ఈ సంగతి నాకు మా మాస్టార్లందరికంటే ముందు చెప్పింది.

ఆ పిట్టలను నిలబడి చూడటం నేర్పింది మాత్రం చిన్నత్తయ్య. ఆవిడ నాన్నగారి ఆఖరి చెల్లెలు. ఎనిమిదో తరగతి కాగానే బడి మాన్పించారు. మధ్యాహ్నాలు గేదెను గట్టు మీద మేతకు తోలుకెళ్లేది, బడి లేని రోజుల్లో నేను వెంట ఉండేదాన్ని. కాలవలోకి వంగిన ఒక తాడిచెట్టుకు ఎప్పుడూ గూళ్లు ఎక్కువ. దాని ఎదురుగా, అవతలి గట్టున కూర్చునేవాళ్లం.

మిగతా కాలమంతా ఊరపిచ్చుకలా మట్టిరంగులో ఉండే మగ గిజిగాడు వానాకాలంలో తలమీద, రొమ్ముమీద పసుపు పూసుకున్నట్టు మారిపోతుంది. చేలోకి దిగి వరి ఆకు అంచును ముక్కుతో కొరికి పట్టుకుని ఎగురుతుంది. ఆ ఎగిరే ఊపుకే ఆకు నిలువునా చీలి సన్నని పట్టీ చేతికొస్తుంది. జానెడు పట్టీలు, మూరెడు పట్టీలు, ఒక్కొక్కటీ తెచ్చి కమ్మ కొసకు ముడివేసి, అల్లి, బిగిస్తుంది. ఒక గూడు పూర్తికావడానికి ఐదు వందల సార్ల దాకా తిరుగుతుందని లెక్కగట్టారు. మొత్తం పనికి పద్దెనిమిది రోజుల దాకా పడుతుంది. అయితే సగం పనయ్యాక, ఎనిమిది రోజులకు, మగపిట్ట ఒక చోట ఆగిపోతుంది. అప్పటికి గూడు బోర్లించిన గంటలా ఉంటుంది, అడుగున అడ్డంగా ఒక పట్టీ ఉంటుంది. లోపలికి వెళ్లే గొట్టం ఇంకా ఉండదు. ఎందుకాగిందంటే, ఇక ఆడపిట్ట వచ్చి చూడాలి.

ఆడపిట్టలు వచ్చే వేళకు చెట్టంతా మారుమోగిపోయేది. మగపిట్టలన్నీ తమ తమ సగం గూళ్లకు తలకిందులుగా వేలాడుతూ రెక్కలు టపటపలాడించి అరిచేవి. ఏ రంగూ ఆర్భాటమూ లేని ఆడపిట్ట ఒక్కొక్క గూటికీ తాపీగా వెళ్లేది. అడ్డపట్టీ మీద కూర్చునేది. అల్లికను ముక్కుతో పొడిచేది, లాగేది, కొమ్మ కొస వైపు తలెత్తి చూసేది. నచ్చకపోతే పక్క గూటికి పోయేది. "చూడవే, ఎంత గట్టిగా లాగుతోందో! ఉండేది తనే కదా!" అని అత్తయ్య నా భుజం పట్టుకుని ఊపేది. ఆవిడ అంత ఉత్సాహంగా మాట్లాడటం ఇంట్లో ఎప్పుడూ వినలేదు నేను.

ఏ ఆడపిట్టా ఒప్పుకోని గూడు అలాగే సగంలో ఉండిపోయేది. పచ్చ ఆకు ఎండి గోధుమరంగుకు తిరిగేది. మగపిట్ట దాన్ని వదిలేసి కొత్తది మొదలుపెట్టేది. ఒప్పుకున్న గూటికి మాత్రం గుడ్ల గది, పొడవాటి గొట్టం అమరేవి. కమ్మల కోసం తాడిచెట్లెక్కే గీతకార్మికుడు ఒకాయన ఉండేవాడు. అత్తయ్య ఆయన్ని బాబాయ్ అని పిలిచేది. మోకు నడుముకు బిగించుకుంటూ ఆయనే మాకు చెప్పాడు: "గొట్టం ఉన్న గూడు కాపురమున్న గూడమ్మా, దాని జోలికి నేను పోను. గొట్టం లేని గూడు ఎండాక రాలిపోతుంది, పిల్లలు ఆడుకోవచ్చు." అలా రాలిన గూళ్లలో లోపలి గోడకు అంటించిన మట్టి ముద్దలు చూశాం. రాత్రి దీపాల కోసం గిజిగాడు ఆ మట్టికి మిణుగురులను అతికిస్తుందని ఊళ్లో పిల్లలకు కథ చెప్పేవారు. విప్పిచూస్తే మట్టి తప్ప ఏమీ కనబడేది కాదు. అయినా ఆ కథంటే నాకు ఇప్పటికీ ఇష్టమే.

ఆ ఏడు శ్రావణంలో అత్తయ్యకు సంబంధాలు రావడం మొదలైంది. పెళ్లిచూపులు ఎలా జరిగేవో తెలియనివారు లేరు. అబ్బాయి తరఫువాళ్లు బండి దిగి, కాళ్లు కడుక్కుని, మడత మంచం మీద కూర్చుంటారు. అమ్మాయి పళ్లెంలో కాఫీలు తెచ్చి తల వంచుకుని చాప మీద కూర్చుంటుంది. నడిపించి చూస్తారు, జడ చూస్తారు, పాట వచ్చా అని అడుగుతారు. అటుపిమ్మట అమ్మాయి తరఫు పెద్దలు అబ్బాయి ఊరు వెళ్లి ఇల్లూ వాకిలీ, పొలమూ పుట్రా చూసి వస్తారు. అంటే అందరూ అన్నీ చూస్తారు. జీవితమంతా ఆ ఇంట్లో ఉండబోయే మనిషి ఒక్కతే, మెడలో తాళి పడ్డాక, గృహప్రవేశం నాడు ఆ గడపను మొదటిసారి చూస్తుంది.

పామర్రు వైపు నుంచి వచ్చిన ఒక సంబంధం అందరికీ నచ్చింది. తాతయ్య ఇల్లు చూడటానికి బయలుదేరుతుంటే అత్తయ్య వసారాలోకి వచ్చి, "నాన్నగారూ, నేనూ వస్తాను. ఇల్లు చూసి చెబుతాను," అంది.

తాతయ్య చాలాసేపు మాట్లాడలేదు. పెదనాన్నగారు కోప్పడ్డారు, ఊరు ఏమనుకుంటుందన్నారు. అప్పుడు నాయనమ్మ చేతులు తుడుచుకుంటూ వచ్చి, "దానితో నేనూ వెళ్తాను. తల్లి తోడుంటే ఊరు ఏమీ అనుకోదు," అంది. నాయనమ్మ అలా ముందుకొచ్చి మాట చెప్పడం ఆ ఇంట్లో పెద్ద సంగతి. చివరికి ముగ్గురూ వెళ్లారు.

తిరిగి వచ్చాక అత్తయ్య ఆ సంబంధం వద్దంది. మిద్దె ఇల్లే, పొలమూ ఉంది. కానీ వంటిల్లు వెనక కొట్టంలో, కిటికీ లేకుండా ఉందట. ఆ ఇంటి పెద్దకోడలు వీళ్లున్నంతసేపూ ఆ పొగలోనే నిలబడి ఉందట, ఒక్కరూ ఆమెను కూర్చోమనలేదట. "అది చూశాక ఇంకేం చూడాలి?" అంది అత్తయ్య. ఊళ్లో కొందరు ముక్కున వేలేసుకున్నారు. గిజిగాడిని చూసి అత్తయ్యకు ఆ ఆలోచన వచ్చిందని నేను అనను. ఆవిడ ఎన్నడూ ఆ మాట అనలేదు. ఎనిమిదో తరగతితో ఇంట్లో కూర్చోబెట్టిన మనిషికి తన బతుకు గురించి ఆలోచించుకోవడానికి బోలెడంత సమయం ఉంటుంది. కానీ ఆ ఆడపిట్ట అల్లికను లాగి చూస్తున్నప్పుడు ఆవిడ ముఖంలో వెలుగు నేను చూశాను. అది ఊరికే వచ్చినది కాదు.

తరువాత కుదిరిన సంబంధం ఒక బడిపంతులుగారిది. పెంకుటిల్లు, రెండు గదులు. వంటింట్లోకి ఉదయపు ఎండ పడేది. అత్తయ్య ఆ ఇల్లు చూసి వచ్చి సరేనంది. ఆ తరువాతే అబ్బాయి ముఖం సరిగ్గా చూశానని పెళ్లయ్యాక నవ్వుతూ చెప్పేది. పరిశీలించినవారు ఏం తేల్చారో తెలిస్తే అత్తయ్య ఆశ్చర్యపోయేది కాదు: ఆడ గిజిగాడు అల్లిక పనితనం కంటే గూడు ఎక్కడ ఉందన్నదే ఎక్కువగా పట్టించుకుంటుంది.

ఇంతవరకే చెప్పి ఆగితే గిజిగాడిని ఆదర్శ దాంపత్యానికి గుర్తుగా పెట్టుకోవచ్చు. కానీ నిజం అంత తీయగా లేదు. గొట్టం పూర్తయి, ఆడపిట్ట గుడ్లు పెట్టగానే, మగపిట్ట పక్క కొమ్మ మీద ఇంకో గూడు మొదలుపెడుతుంది, ఇంకో ఆడపిట్ట కోసం. రెండు నుంచి నాలుగు గుడ్లను పొదిగేది తల్లి ఒక్కతే. ఈ తీరును శాస్త్రీయంగా బయటపెట్టినవాడు పక్షిశాస్త్రవేత్త సాలిం అలీ. ఉద్యోగం లేని రోజుల్లో భార్య తెహ్మినాతో కలిసి ముంబయి దగ్గర సముద్రపు ఒడ్డున కిహిం అనే పల్లెలో ఉంటూ 1930 ప్రాంతంలో గిజిగాళ్లను గమనించి ఆ సంగతి రాశాడు. ఆ వెంటనే 1931, 32ల్లో మన హైదరాబాద్ సంస్థానంలో పక్షుల సర్వే చేసినవాడూ ఆయనే. ఆ తిరుగుళ్లలో తెహ్మినా కూడా ఆయన వెంట ఉంది. 1939లో ఆవిడ చనిపోయింది. ఆయన మళ్లీ పెళ్లి చేసుకోలేదు. పిట్టల బహుపత్నీత్వాన్ని అంత దగ్గరగా చూసినవాడు తన జీవితాన్ని వాటిని చూసి నడుపుకోలేదు. కాలేజీలో ఈ సంగతులు చదివినప్పటి నుంచీ ఆయనంటే నాకు గౌరవం రెట్టింపయింది.

ఎందుకంటే, జంతువులను చూపించి మనుషుల తప్పులను కప్పిపుచ్చేవాళ్లను నేను చిన్నప్పటి నుంచీ విన్నాను. మా బంధువుల్లో ఒకాయన వేరే ఊళ్లో రెండో కాపురం పెట్టాడు. పెద్దమనుషులు కూర్చున్నప్పుడు ఆయన తరఫువాళ్లు అన్న మాట నాకు ఇంకా గుర్తుంది: "కోడిపుంజును చూడలేదా? మగజాతి లక్షణం అది." పుంజు సరే. కొల్లేటి తామరాకుల మీద పొడవాటి కాలివేళ్లతో నడిచే జకానా పిట్టను వాళ్లు చూడలేదా? అందులో ఆడది పెద్దది, బలమైనది. ఒక మగపిట్టకు నాలుగు గుడ్లు పెట్టి ఇచ్చి, ఇంకో మగపిట్ట దగ్గరికి వెళ్లిపోతుంది. గుడ్లు పొదిగేదీ, పిల్లలను వెంటబెట్టుకుని తిప్పేదీ తండ్రే. ఊరికి రెండు మైళ్ల దూరంలో ఆ పిట్ట బతుకుతోంది. ఏ పంచాయతీలోనూ దాని పేరెత్తినవారు లేరు. పాపికొండల అడవుల్లోని హార్న్‌బిల్ సంగతీ అంతే. చెట్టుతొర్రలో ఆడపిట్ట లోపల ఉండగా ద్వారాన్ని సన్నని చీలిక మిగిల్చి ఆ పిట్టలే మూసేస్తాయి. గుడ్లు పొదిగే ఆ వారాలన్నీ పెళ్లాం నోటికి పండు అందించే పని మొగుడిది. అతను వేటగాడి చేతికి చిక్కితే లోపల తల్లీపిల్లల బతుకులు ప్రమాదంలో పడతాయి. ఇదీ మగజాతి లక్షణమే. తనకు కావలసిన జంతువును ఏరుకుని, అదే ప్రకృతి అని చెప్పేవాడు ప్రకృతిని చూడలేదు, తన కోరికను చూసుకున్నాడు.

చూసిందాన్ని కూడా మనం మనకు నచ్చినట్టే చదువుకుంటాం. ఒక వేసవి సాయంత్రం గడ్డివాము పక్కన రెండు పాములు మెలికలు పడి, నడుం ఎత్తున లేచి ఊగుతుంటే ఊరంతా చేరింది. నాగుపాము, జెర్రిపోతు జతకడుతున్నాయని అందరూ అన్నారు. ఆడపిల్లలను లోపలికి పంపేశారు. ఒకాయన పరుగున వెళ్లి కొత్త పంచె తెచ్చి వాటిపైన వేశాడు. ఆ బట్టను ఇంట్లో దాచుకుంటే సిరి కలుగుతుందని నమ్మకం. నిజానికి ఆ రెండూ జెర్రిపోతులే, రెండూ మగవే. ఆడపాము కోసమో, హద్దు కోసమో ఒకదాన్నొకటి నేలకు వంచడానికి చేసే మల్లయుద్ధం అది. కాటు ఉండదు, ఓడినది జారుకుంటుంది. పాముల అసలు కలయిక నేలమీద, నిశ్శబ్దంగా, చాలాసేపు జరుగుతుంది, దానికి జనం చేరరు. పోట్లాటను ప్రేమ అనుకుని పంచె కప్పడం, ప్రేమ జరిగినచోట గమనించకపోవడం మనుషుల కాపురాల విషయంలోనూ నేను చాలా చూశాను.

తీతువు పిట్ట గురించి చెప్పకుండా ఉండలేను. రాత్రిపూట అది అరిస్తే ఊళ్లో ఎవరో పోతారని నాయనమ్మ లేచి కూర్చుని దేవుణ్ని తలచుకునేది. కోతలైన పొలంలో, మట్టిబెడ్డల మధ్య, గూడంటూ లేకుండా అది గుడ్లు పెడుతుంది. మట్టి రంగులో మచ్చలున్న ఆ నాలుగు గుడ్లు కాలికింద పడేదాకా కనబడవు. ఆలుమగలు వంతులవారీగా కూర్చుంటాయి. మన ఎండలకు గుడ్లను కాచుకోవడమంటే వెచ్చగా ఉంచడం కాదు, చల్లగా ఉంచడం. అందుకని రెండూ వంతులేసుకుని వెళ్లి నీళ్లలో పొట్ట ఈకలు తడుపుకుని వచ్చి గుడ్ల మీద కూర్చుంటాయి. కుక్కో మనిషో దగ్గరికొస్తే రెండూ గొంతు చించుకుని మీదికి దూకుతాయి. ఆ అరుపునే మనం అపశకునం అన్నాం. అది బిడ్డల కోసం అరిచే అరుపు.

తాతయ్య నాయనమ్మతో ప్రేమగా మాట్లాడటం నేను వినలేదు. పదిమందిలో ఆవిణ్ని పేరుపెట్టి పిలిచి ఎరగడు. ఆవిడకూ ఆయన ఎదుట కూర్చునే అలవాటు లేదు. మగవాళ్లు నీళ్లు తోడితే నలుగురూ నవ్వే రోజులవి. కానీ ఎండాకాలంలో, నుయ్యి అడుగంటి చేద చాలా లోతుకు వెళ్లే రోజుల్లో, తెల్లవారక ముందే దొడ్లోని గాబు నిండి ఉండేది. ఒకరోజు చీకట్లో మెలకువ వచ్చి చూస్తే తాతయ్య నీళ్లు తోడుతున్నాడు. గిలక చప్పుడు కాకుండా చేదను మెల్లగా లాగుతున్నాడు. అత్తయ్యతో చెబితే, "నాకు ఊహ తెలిసినప్పటి నుంచీ అంతే. అమ్మకు నడుం నొప్పి కదా," అంది.

మా పెళ్లిళ్లలో పెద్దలు "చిలకా గోరింకల్లా ఉండండి" అని దీవించేవారు. మోడైన తాడిచెట్టు తొర్ర కోసం చిలకా గోరింకా ఒకదాన్నొకటి తరుముకోవడం నేను ఎన్నోసార్లు చూశాను. నన్నెవరైనా అడిగితే తీతువుల్లా ఉండమని దీవిస్తాను. ఆ మాట ఏ పెళ్లిపందిట్లోనూ చెల్లదని తెలుసు, అయినా నా మనసులో మాట అదే.

తరువాతి ఏళ్లలో మా ప్రాంతం రూపు మారిపోయింది. వరిచేలు తవ్వి చేపల చెరువులు చేశారు. గట్లు వెడల్పు చేయడానికి తాడిచెట్లు నరికారు. వరి ఆకూ లేక, వేలాడే కమ్మా లేక గిజిగాళ్లు తగ్గిపోయాయి. మావయ్యగారు కూడా బడి ఉద్యోగంతోపాటు చెరువు కౌలుకు తీసుకుని అప్పులపాలయ్యారు. అత్తయ్య నగలు పోయాయి. కొన్నేళ్లు ఇద్దరి మధ్యా మాటలు సరిగ్గా లేవు. ఇల్లు చూసి ఎంచుకున్నంత మాత్రాన కష్టం రాకుండా పోదు. కానీ ఆ రోజుల్లో కూడా ఆవిడ "నన్ను ఇక్కడికి తోశారు" అన్న మాట ఎన్నడూ అనలేదు. "నేను చూసుకుని వచ్చిన ఇల్లు, నేనే నిలబెట్టుకుంటాను," అనేది. పక్కవీధి పిల్లలకు చదువు చెప్పి, కుట్టుమిషన్ కొనుక్కుని, అప్పు తీర్చడంలో సగం బరువు ఆవిడే మోసింది.

వాళ్లమ్మాయి ఇంజినీరింగు చదివి బెంగళూరులో ఉద్యోగం చేస్తున్నప్పుడు సంబంధాలు చూశారు. ఇప్పుడు అబ్బాయీ అమ్మాయీ ఫోన్లలో మాట్లాడుకుంటారు, హోటల్లో కలుసుకుంటారు, ఉద్యోగాలూ జీతాలూ అడుగుతారు. అత్తయ్య మాత్రం కూతురికి ఒకటే చెప్పింది: "వాళ్ల ఇంటికి ఒకసారి చెప్పకుండా వెళ్లు. వంటింట్లో ఎవరున్నారో చూడు. తిన్న కంచం ఎవరు తీస్తారో చూడు." పిల్ల నిజంగానే వెళ్లింది. పెళ్లికొడుకు తండ్రి తలుపు తీశాడట, చేతికి సబ్బు నురగతో. సింకు దగ్గర గిన్నెలు సగంలో ఉన్నాయట. ఆయన ఏమాత్రం తడబడకుండా, "కూర్చోమ్మా, ఇవి రెండూ కడిగేసి టీ పెడతాను," అన్నాడట. పిల్ల బయటికి వచ్చి వాళ్లమ్మకు ఫోన్ చేసి సరేనంది. పెళ్లికి ఇంకా ముహూర్తం కూడా పెట్టకముందే అత్తయ్య ఆ వియ్యంకుడిగారికి తాటిబెల్లం పంపించింది.